సిడ్నీలో పుట్టి సోమర్‌సెట్ బిడ్డగా.. సామీ వుడ్స్ ఆటల జీవితం

క్రికెట్ చూసేవారికి కౌంటీ అన్న మాట కొత్తది కాదు. ఇంగ్లండ్‌లో కౌంటీ అంటే మన జిల్లా వంటిది. ఆ దేశపు దేశవాళీ క్రికెట్ ఈ జిల్లాల పేరిటే ఎదిగింది. ఏ కౌంటీ ప్రజలకు ఆ కౌంటీ జట్టు సొంతం. తరాలు మారినా చెప్పుకునే ఆటగాళ్లు ప్రతి కౌంటీకీ ఉన్నారు. నైరుతి ఇంగ్లండ్‌లోని సోమర్‌సెట్ కౌంటీ తన తొలి తరం వారిలో ముందుగా తలచుకునే పేరు సామీ వుడ్స్. విశేషమేమిటంటే ఆయన ఆ కౌంటీలో పుట్టినవాడు కాదు. అసలు ఆ దేశంలోనే పుట్టలేదు.

శామ్యూల్ మోజెస్ జేమ్స్ వుడ్స్ అన్నది ఆయన పూర్తి పేరు. ఆస్ట్రేలియా, ఇంగ్లండ్ రెండు దేశాల తరఫునా టెస్టు క్రికెట్ ఆడారు. రగ్బీలో ఇంగ్లండ్ జట్టుకు 13 అంతర్జాతీయ మ్యాచ్‌లలో ప్రాతినిధ్యం వహించి, అయిదింటికి నాయకత్వం వహించారు. ఫుట్‌బాల్‌లోనూ, హాకీలోనూ కౌంటీ స్థాయి ఆటగాడు. 1894 నుంచి 1906 వరకు సోమర్‌సెట్ క్రికెట్ జట్టు సారథి. ఇన్ని ఆటలు ఇంత స్థాయిలో ఆడిన మనిషికి రికార్డు పుస్తకాలు ఇచ్చిన హోదా మాత్రం ఒక్కటే, ఔత్సాహికుడు. డబ్బు తీసుకోకుండా సరదాకు ఆడేవాడని ఆ మాటకు పైకి కనిపించే అర్థం. లోపలి అర్థం వేరు. వుడ్స్ జీవితాన్ని తెలుసుకుంటే ఆ తేడా తేటతెల్లమవుతుంది.

సముద్రం దాటి వచ్చిన కుర్రవాడు

1867 ఏప్రిల్‌లో సిడ్నీ శివారులోని ఆష్‌ఫీల్డ్‌లో వుడ్స్ జన్మించారు. చదువు కోసం తల్లిదండ్రులు 1883లో ఆయనను ఇంగ్లండ్ పంపారు. అప్పటికి పదహారేళ్లు. దక్షిణ తీరాన ఉన్న బ్రైటన్ కళాశాలలో చేరిన కుర్రవాడు పుస్తకాలతో కన్నా బంతితోనే ఎక్కువ కాలం గడిపాడు. వేగంగా బంతులు విసరడం, బౌలింగ్ తీరు మారకుండానే మధ్యలో ఒక నెమ్మది బంతి వేసి బ్యాట్స్‌మన్‌ను బోల్తా కొట్టించడం ఆయనకు చిన్ననాడే అబ్బిన విద్య. ఫుట్‌బాల్ కూడా అక్కడే పట్టుబడింది. తరువాత ససెక్స్ కౌంటీ తరఫున ఆడే స్థాయికి ఆ ఆటలో చేరుకున్నారు.

బడి విడిచాక కొంతకాలం సోమర్‌సెట్‌లోని బ్రిడ్జ్‌వాటర్ పట్టణంలో బ్యాంకు గుమస్తాగా కుదిరారు. కుర్చీలో కూర్చుని లెక్కలు రాసే పని ఆయనకు సరిపడలేదు. అయితే ఆ పట్టణం సరిపడింది. అక్కడి రగ్బీ క్లబ్బులో చేరారు. ఆ పరిచయమే జీవితకాలపు అనుబంధానికి నాంది అయింది. ఆ రోజుల్లో ఒక కౌంటీకి ఆడాలంటే అక్కడ పుట్టి ఉండాలి, లేదా రెండేళ్లు నివసించి ఉండాలి. 1873లో చేసిన నియమమిది. ఎక్కడో సిడ్నీలో పుట్టినవాడికి నివాసం ఒక్కటే దారి. ఒక గుమస్తా ఉద్యోగం పుణ్యమా అని సోమర్‌సెట్‌కు ఒక ఆటగాడు దక్కాడు.

కేంబ్రిడ్జి రోజులు

1888లో వుడ్స్ కేంబ్రిడ్జి విశ్వవిద్యాలయంలోని జీసస్ కళాశాలలో చేరారు. చదువులో రాణించిన దాఖలాలు లేవు. పరీక్ష పత్రంపై పేరు తప్ప మరేమీ రాయలేదని చెప్పుకునే కథలో నిజమెంతో గానీ, అలాంటి కథ పుట్టడానికి తగిన మనిషే. ఉదయం ఫలహారానికి వచ్చిన మిత్రులకు పెద్ద సముద్రపు రొయ్యలు, బీరు వడ్డించేవారన్న మాట కూడా అలాగే ప్రచారంలో ఉంది.

మైదానంలో మాత్రం కథలతో పనిలేదు. 1888 నుంచి 1891 దాకా నాలుగేళ్లూ విశ్వవిద్యాలయ జట్టులో ఉన్నారు. 1890లో నాయకత్వం వహించారు. ఆ ఏడాదే సి.ఐ. థార్న్‌టన్ జట్టుపై ఒకే ఇన్నింగ్స్‌లో పదికి పది వికెట్లూ పడగొట్టారు. ఇచ్చిన పరుగులు 69. మ్యాచ్ మొత్తంలో 15 వికెట్లు ఆయనవే. ఆయన వేగానికి సాధారణంగా ఏ వికెట్ కీపర్ అయినా దూరంగా నిలబడాల్సిందే. సహాధ్యాయి గ్రెగర్ మెక్‌గ్రెగర్ మాత్రం స్టంపులకు ఆనుకునే నిలిచి బంతులు అందుకునేవారు. ఈ మెక్‌గ్రెగర్ స్కాట్లండ్ రగ్బీ జట్టు సభ్యుడు. వేసవిలో ఒకే జట్టులో ఒకరి బంతిని ఒకరు అందుకున్న ఈ ఇద్దరూ చలికాలం వచ్చేసరికి ఇంగ్లండ్, స్కాట్లండ్ రగ్బీ జట్లలో ప్రత్యర్థులు.

కేంబ్రిడ్జిలో ఉండగానే వుడ్స్‌కు టెస్టు పిలుపు వచ్చింది. అదీ ఇంగ్లండ్ నుంచి కాదు. 1888లో ఇంగ్లండ్ పర్యటనకు వచ్చిన ఆస్ట్రేలియా జట్టులో సామ్ జోన్స్‌కు మశూచి సోకింది. ఆటగాళ్లు తగ్గడంతో, అందుబాటులో ఉన్న స్వదేశీయుడైన వుడ్స్‌ను జట్టులోకి తీసుకున్నారు. మూడు టెస్టులూ ఆడారు. లార్డ్స్‌లో జరిగిన తొలి టెస్టును ఆస్ట్రేలియా 61 పరుగులతో గెలిచింది, తక్కిన రెండూ ఓడింది. చార్లీ టర్నర్, జాక్ ఫెర్రిస్ జోడీ విజృంభించిన ఆ వేసవిలో వుడ్స్ పాత్ర స్వల్పమే. మూడు టెస్టుల్లో అయిదు వికెట్లు తీశారు.

ఒక మనిషి రెండు దేశాలకు ఆడడం నేడు ఎన్నో నిబంధనలు దాటితే గానీ సాధ్యం కాదు. ఆనాడు అలాంటి కట్టుబాట్లు లేవు. ఆస్ట్రేలియా, ఇంగ్లండ్ రెండింటికీ టెస్టులు ఆడినవారు అయిదుగురు. మిడ్‌వింటర్, మర్డాక్, ఫెర్రిస్, ఆల్బర్ట్ ట్రాట్, అయిదో వ్యక్తి వుడ్స్.

పొరుగు కౌంటీలో పుట్టిన క్లబ్బు

వుడ్స్ చేరిన సోమర్‌సెట్ సంపన్నమైన కౌంటీ కాదు. పాడి పశువులు, ఆపిల్ తోటలు, చిన్న పట్టణాలు ఉన్న ప్రాంతం. అక్కడి క్రికెట్ క్లబ్బు పుట్టుక కూడా విచిత్రమే. 1875లో పొరుగు కౌంటీ డెవన్‌లోని సిడ్‌మత్‌కు మ్యాచ్ ఆడడానికి వెళ్లిన సోమర్‌సెట్ పెద్దమనుషులు ఆట ముగిశాక అక్కడే సమావేశమై సొంత క్లబ్బు పెట్టాలని తీర్మానించారు. 1882లో ఆ జట్టుకు ఫస్ట్‌క్లాస్ హోదా వచ్చింది. మూడు నాలుగేళ్లకే అదీ పోయింది.

మళ్లీ తలెత్తింది 1890లో. ఆ ఏడాది ఆడిన 13 మ్యాచ్‌లలో 12 గెలిచి, మిడిల్‌సెక్స్‌తో ఆడిన ఒక్కటీ సమం చేసుకున్నారు. మరుసటి ఏడాదే కౌంటీ చాంపియన్‌షిప్‌లో చోటు లభించింది. 1891లో టాంటన్ మైదానానికి వచ్చిన సర్రే జట్టు అప్పటి చాంపియన్. చివరి రోజు ఆట ముగిసే ఘడియ వరకు సర్రే చివరి జంట ఎలాగో నెట్టుకొచ్చింది. ఇక డ్రా తప్పదని అంతా అనుకుంటున్న సమయంలో వుడ్స్ ఆఖరి వికెట్ పడగొట్టి గెలిపించారు. కొత్తగా చేరిన జట్టు చాంపియన్‌ను ఓడించిన ఆ సాయంత్రమే సోమర్‌సెట్‌లో వుడ్స్ స్థానం స్థిరపడింది. 1892లో జట్టు చాంపియన్‌షిప్‌లో మూడో స్థానం సాధించింది. దానిని మించడం మాట అటుంచి, మళ్లీ ఆ మెట్టు ఎక్కడానికే ఆ కౌంటీకి 1958 దాకా పట్టింది.

అప్పటి సారథి హెర్బీ హ్యూవెట్ 1893 తరువాత తప్పుకోగా 1894లో బాధ్యత వుడ్స్‌కు దక్కింది.

మిస్టర్ ఎవరు, కాని వారెవరు?

ఇక్కడ ఆ కాలపు పద్ధతిని కొంత వివరించాలి. 19వ శతాబ్దపు ఇంగ్లిషు క్రికెటర్లు రెండు వర్గాలు. పారితోషికం తీసుకుని ఆడేవారు వృత్తి ఆటగాళ్లు. తీసుకోనివారు ఔత్సాహికులు. ముద్రించిన స్కోరు కార్డులో ఔత్సాహికుడి పేరుకు ముందు మిస్టర్ ఉండేది. వృత్తి ఆటగాడికి ఆ మర్యాద లేదు. దుస్తులు మార్చుకునే గదులు వేరు. చాలా మైదానాల్లో లోనికి వచ్చే ద్వారాలు కూడా వేరు. సారథ్యం ఔత్సాహికుడిదే. జట్టులో వృత్తి ఆటగాడు ఎంత మొనగాడైనా, ఔత్సాహికుడు ఎంత సామాన్యుడైనా ఆ ఏర్పాటు మారేది కాదు. లెన్ హటన్ 1952లో ఇంగ్లండ్ సారథి అయ్యేదాకా 20వ శతాబ్దంలో వృత్తి ఆటగాడెవరినీ ఆ దేశపు టెస్టు జట్టుకు నియమిత సారథిగా పెట్టలేదు.

ఒక్కో కౌంటీ మ్యాచ్ మూడు రోజులు సాగేది. మే నుంచి ఆగస్టు చివరి వరకు వారానికి ఆరు రోజుల ఆట. జీతం లేకుండా నాలుగు నెలలు ఆడుకోగలిగేది ఎవరు? భూములున్నవారు, తండ్రుల ఆస్తి ఉన్నవారు, వేసవి సెలవులు దొరికే ఉపాధ్యాయులు, చర్చి మతాధికారులు. సోమర్‌సెట్ జట్టులో ఇలాంటివారి సంఖ్య ఎక్కువ. క్లబ్బు చేతిలో డబ్బు లేక వృత్తి ఆటగాళ్లను కొద్దిమందినే పెట్టుకునేది. బౌలింగ్ భారం చాలావరకు ఆ కొద్దిమంది భుజాల మీదే పడేది. ఎడమచేతి వాటం నెమ్మది బౌలర్ టెడ్ టైలర్ వారిలో ఒకరు. 1895లో టాంటన్‌లో సర్రేపై ఒక ఇన్నింగ్స్‌లోని పది వికెట్లూ ఆయనే తీశారు. ఆయన పేరు ముందు మిస్టర్ ఉండేది కాదు.

మరి వుడ్స్ సంగతి? ఆయన జమీందారు కాదు. బ్యాంకు కొలువు ఏనాడో వదిలేశారు. డిగ్రీ చేతికి రాలేదు. క్లబ్బు కార్యదర్శి పనులు చూసే బాధ్యతను సోమర్‌సెట్ ఆయనకు అప్పగించి, దానికి వేతనం ఇచ్చింది. ఆడినందుకు కాదు, కార్యాలయం నడిపినందుకు. కాబట్టి నిబంధన ప్రకారం ఔత్సాహికుడే. ఇది వుడ్స్ ఒక్కరికే చేసిన ఏర్పాటు కాదు. ఇతర కౌంటీలలోనూ ఈ మార్గం ఉంది. ఖర్చుల పేరిట ఇచ్చే సొమ్ము మరో మార్గం. ఔత్సాహికులలో అగ్రగణ్యుడైన డబ్ల్యూ.జి. గ్రేస్‌కు 1895లో అభిమానుల చందాల రూపంలో ముట్టింది 9,000 పౌండ్లకు పైమాటే. సాధారణ వృత్తి ఆటగాడికి కౌంటీ మ్యాచ్‌కు అయిదారు పౌండ్లు దక్కేవి. మరుసటి ఏడాది ఓవల్ టెస్టుకు ఎంపికైన అయిదుగురు వృత్తి ఆటగాళ్లు పది పౌండ్ల బదులు ఇరవై ఇవ్వాలని కోరినందుకు పెద్ద దుమారమే చెలరేగింది. ముగ్గురు వెనక్కి తగ్గి ఆడారు. గన్, లోమన్‌లకు ఆ టెస్టులో చోటు దక్కలేదు.

అంటే ఔత్సాహికుడన్న మాట డబ్బుకు కాక పుట్టుకకు, చదివిన బడికి గుర్తుగా మారిందన్నమాట. ఈ విషయంలో వుడ్స్‌ను నిందించడం తగదు. ఆ ఏర్పాటును ఆయన కల్పించలేదు. అది లేకుంటే ఒక పేద కౌంటీ ఆయనను నిలుపుకోగలిగేది కాదు. అయినా టైలర్ వంటివారి పక్కన పెట్టి చూస్తే ఆ లెక్క సరితూగదు.

రగ్బీలోనూ అదే చిచ్చు

ఆరడుగులకు మించిన ఎత్తు, దానికి తగిన బరువు, దానికి మించిన వేగం. రగ్బీకి వుడ్స్ దేహం తగినట్టే ఉండేది. 1890లో వేల్స్‌పై ఇంగ్లండ్ తరఫున తొలి మ్యాచ్ ఆడారు. ఆ రోజు డ్యూస్‌బరీలో వేల్స్ గెలిచింది. ఇంగ్లండ్‌పై ఆ దేశానికి అదే తొలి విజయం. ముందు వరుసల్లో ఆడేవారు గుంపుగా బంతిని నెట్టుకుపోవడమే ఆనాటి పద్ధతి. వుడ్స్ ఆ గుంపు నుంచి త్వరగా విడివడి, బంతి అందుకున్న ప్రత్యర్థిపైకి దూసుకుపోయేవారు. తరువాతి కాలంలో ఫ్లాంకర్ అని పిలిచే స్థానానికి బాట వేసినవారిలో ఆయన ఒకరు.

ఆయన చివరి అంతర్జాతీయ రగ్బీ మ్యాచ్ 1895లో జరిగింది. అదే ఏడాది ఆగస్టులో రగ్బీ రెండుగా చీలింది. ఉత్తర ఇంగ్లండ్ జట్లలో గని కార్మికులు, మిల్లు కార్మికులు ఉండేవారు. శనివారం ఆటకు వెళితే ఆ పూట కూలి పోయేది. పోయిన కూలినైనా ఇప్పించండని వారి క్లబ్బులు కోరాయి. రగ్బీ సంఘం ససేమిరా అంది. ఇరవైకి పైగా క్లబ్బులు హడర్స్‌ఫీల్డ్‌లో సమావేశమై బయటకు నడిచాయి. రగ్బీ లీగ్ పుట్టింది అలా. క్రికెట్‌లో గదులు, ద్వారాలు వేరుచేసి సర్దుకున్న సమస్య రగ్బీలో ఆటనే చీల్చింది.

1895.. మరపురాని వేసవి

ఆ ఒక్క ఏడాదిలో వుడ్స్ చూసిన ఎత్తుపల్లాలు ఇంకెవరైనా చూశారో లేదో.

మే నెలలో బ్రిస్టల్‌లో గ్లోస్టర్‌షైర్‌తో మ్యాచ్. ఎదురుగా గ్రేస్. వయసు 46. అప్పటికి 99 శతకాలు చేశారు. క్రికెట్ చరిత్రలో వంద శతకాలు చేసినవారు అప్పటికి ఎవరూ లేరు. మే 17న, వందకు చేరువలో గ్రేస్ తడబడుతున్న వేళ వుడ్స్ ఒక ఫుల్‌టాస్ వేశారు. గ్రేస్ దాన్ని లెగ్ వైపు బౌండరీకి పంపారు. నూరో నూరు పూర్తయింది. ఆ బంతి చేయి జారి పడిందా, లేక గౌరవంగా సమర్పించిందా అన్న చర్చ నేటికీ ఉంది. మైదానంలోకి షాంపేన్ సీసా వచ్చింది. గ్రేస్ అంతటితో ఆగక 288 పరుగులు చేశారు. ఆ ఇన్నింగ్స్ మొత్తంలో ఆయన బ్యాటును దాటి వచ్చిన బంతులు నాలుగేనని సోమర్‌సెట్ వికెట్ కీపర్ వికమ్ తరువాత చెప్పారు. ఆయన వృత్తిరీత్యా మతాధికారి. ఆయన మాటను అనుమానించినవారు లేరు.

జూలైలో లాంకషైర్ టాంటన్‌కు వచ్చింది. ఆర్చీ మెక్‌లారెన్ దాదాపు ఎనిమిది గంటలు క్రీజులో నిలిచి 424 పరుగులు చేశారు. ఫస్ట్‌క్లాస్ క్రికెట్‌లో నాలుగు వందలు దాటిన తొలి ఇన్నింగ్స్ అదే. ఇంగ్లండ్ గడ్డపై ఆ రికార్డు 1994లో బ్రయన్ లారా 501 చేసేదాకా చెక్కు చెదరలేదు. లాంకషైర్ మొత్తం 801. సోమర్‌సెట్ ఇన్నింగ్స్ 452 పరుగుల తేడాతో చిత్తయింది. సారథిగా ఎండలో నిలబడి ఇదంతా చూసిందీ, బంతి పట్టుకుని రోజంతా శ్రమించిందీ వుడ్సే.

ఇంతటి దెబ్బలు తిన్న అదే ఏడాది హోవ్‌లో ససెక్స్‌పై వుడ్స్ 215 పరుగులు బాదారు. దాదాపు రెండున్నర గంటల ఆట. ఆయన జీవితంలో అదే అత్యధిక స్కోరు. అప్పటికే బౌలింగ్‌లో మునుపటి పదును తగ్గింది. దాంతో పూర్తిగా బ్యాట్స్‌మన్‌గా మారడానికి సిద్ధపడ్డారు. కుర్రతనంలో బౌలర్‌గా పేరు పొంది, నడివయసులో బ్యాటింగ్‌తో జట్టును మోసినవారు అరుదు.

ఆ చలికాలంలో లార్డ్ హాక్ జట్టుతో దక్షిణాఫ్రికా వెళ్లారు. జేమ్సన్ దాడి అని చరిత్రలో చెప్పే విఫల సాయుధ చొరబాటు సరిగ్గా అప్పుడే జరిగి ఆ ప్రాంతం ఉద్రిక్తంగా ఉంది. అక్కడ మూడు టెస్టులు ఇంగ్లండ్ తరఫున ఆడారు. ఎనిమిదేళ్ల కిందట ఇంగ్లండ్‌పై ఆడిన మనిషి ఇప్పుడు ఇంగ్లండ్ ఆటగాడయ్యారు. పోర్ట్ ఎలిజబెత్ టెస్టులో ఆతిథ్య జట్టు 30 పరుగులకే కుప్పకూలింది. ఆ సిరీస్ లోమన్‌ది. మూడు టెస్టుల్లో 35 వికెట్లు తీశారు. వుడ్స్ ఒక అర్ధశతకం చేశారు.

మన పాఠకులకు పరిచయమున్న మరో ఇద్దరితోనూ వుడ్స్‌కు అనుబంధముంది. 1894లో లార్డ్స్‌లో ఔత్సాహికులు, వృత్తి ఆటగాళ్ల మధ్య జరిగిన పోటీలో ఎఫ్.ఎస్. జాక్సన్, వుడ్స్ ఇద్దరే రెండు ఇన్నింగ్స్‌లూ బౌలింగ్ చేసి ఔత్సాహికులను గెలిపించారు. జాక్సన్‌కు 12 వికెట్లు, వుడ్స్‌కు ఆరు. ఈ జాక్సనే తరువాత బెంగాల్ గవర్నర్‌గా వచ్చి, 1932లో కలకత్తా విశ్వవిద్యాలయ స్నాతకోత్సవంలో వీణా దాస్ తుపాకీ కాల్పుల నుంచి తప్పించుకున్నారు. ఇక రంజిత్‌సింగ్‌జీ. ఆయన నాయకత్వంలో 1899లో అమెరికా వెళ్లిన జట్టులో వుడ్స్ సభ్యుడు. రెండేళ్ల తరువాత రంజీ టాంటన్‌కు ప్రత్యర్థిగా వచ్చి సోమర్‌సెట్‌పై అజేయంగా 285 పరుగులు చేశారు.

లీడ్స్‌లో తలకిందులైన ఆట

సారథిగా వుడ్స్‌కు ట్రోఫీలు లేవు. సోమర్‌సెట్ ఎక్కువ ఏళ్లు పట్టిక దిగువ భాగంలోనే గడిపింది. 2025 సీజన్ ముగిసే నాటికి కూడా కౌంటీ చాంపియన్‌షిప్ ఆ కౌంటీకి దక్కనేలేదు. సునీల్ గవాస్కర్, వివ్ రిచర్డ్స్, ఇయాన్ బోథమ్ వంటివారు ఆ జట్టుకు ఆడినా ఆ లోటు తీరలేదు. కాని ఓడిపోవడానికి భయపడకుండా ఆడాలన్నది వుడ్స్ పద్ధతి. డ్రాలు ఈతకు వెళ్లేటప్పుడు తొడుక్కోవడానికి తప్ప పనికిరావన్న చమత్కారం ఆయన పేరిట ప్రచారంలో ఉంది. డ్రాయరు అన్న మాట మనకూ తెలిసిందే కనుక వివరణ అక్కర్లేదు.

ఆ పద్ధతికి ఫలం 1901 జూలైలో లీడ్స్‌లోని హెడింగ్లీ మైదానంలో దక్కింది. యార్క్‌షైర్ అంతకు ముందు ఏడాది చాంపియన్‌షిప్‌లో ఒక్క మ్యాచ్ కూడా ఓడని జట్టు. విల్‌ఫ్రెడ్ రోడ్స్, జార్జ్ హర్స్ట్ ఉన్న జట్టు. సోమర్‌సెట్ తొలి ఇన్నింగ్స్‌లో 87 పరుగులకే ముగిసింది. యార్క్‌షైర్ 325 చేసింది. వెనుకబాటు 238 పరుగులు. మిగిలింది లాంఛనమేనని అంతా భావించారు.

రెండో ఇన్నింగ్స్‌లో లయనెల్ పాలెరెట్, లెన్ బ్రాండ్ తొలి వికెట్‌కే 222 జోడించారు. పాలెరెట్ ఆక్స్‌ఫర్డ్‌లో చదివిన ఔత్సాహికుడు, బ్రాండ్ వృత్తి ఆటగాడు. ద్వారాలు వేరైనా క్రీజు ఒకటే. పాలెరెట్ 173, బ్రాండ్ 107, ఫ్రాంక్ ఫిలిప్స్ 122. సారథి వుడ్స్ 66. మొత్తం 630. వికెట్ పాడైందని యార్క్‌షైర్ చెప్పుకోవడానికి లేదు, అంతకు ముందే తామూ అదే వికెట్ మీద మూడు వందలు దాటారు. చివరి రోజు యార్క్‌షైర్ 113కే ఆలౌటైంది. బ్రాండ్, బోమంట్ క్రాన్‌ఫీల్డ్ చెరి నాలుగు వికెట్లు పంచుకున్నారు. 279 పరుగుల తేడాతో సోమర్‌సెట్ విజయం. తొలి ఇన్నింగ్స్‌లో 87కు పడిపోయిన జట్టు గెలిచిన తీరుకు ఆ మైదానంలో యార్క్‌షైర్ అభిమానులు కూడా చప్పట్లు కొట్టకుండా ఉండలేకపోయారు.

1900 నుంచి 1902 వరకు మూడేళ్లలో యార్క్‌షైర్ చాంపియన్‌షిప్‌లో ఓడింది రెండే మ్యాచ్‌లు. రెండూ సోమర్‌సెట్ చేతిలోనే. రెండోది 1902లో షెఫీల్డ్‌లో.

టాంటన్ వీధుల్లో

1906 తరువాత సారథ్యం వదిలినా వుడ్స్ 1910 వరకు అడపాదడపా ఆడారు. మొత్తం 401 ఫస్ట్‌క్లాస్ మ్యాచ్‌లలో 15,000కు పైగా పరుగులు, 1,040 వికెట్లు ఆయన ఖాతాలో ఉన్నాయి. మైదానం దిగినా క్లబ్బు పని వదలలేదు. 1914లో ప్రపంచయుద్ధం వచ్చేనాటికి ఆయనకు 47 ఏళ్లు. ఎవరూ పిలవని వయసు. అయినా సైన్యంలో చేరారు. 1925లో తన జ్ఞాపకాలను పుస్తకంగా వెలువరించారు.

కీళ్లవాతం ఆయనను చివరి రోజుల్లో బాధించింది. ఒకప్పుడు పరుగెత్తిన కాళ్లతో నెమ్మదిగా నడుస్తూ కౌంటీ అంతా తిరిగేవారు. కొండ దారుల్లో నడకకు వెళ్లినప్పుడు దాహం తీర్చుకోవడానికి కంచెల కింద బీరు సీసాలు ముందుగానే దాచి ఉంచేవారని, ఏ పొద కింద ఏ సీసా ఉందో మరచిపోయేవారు కాదని కథలు మిగిలాయి. 1920లో సోమర్‌సెట్‌కు ఆడడం మొదలుపెట్టిన రచయిత రాబర్ట్‌సన్ గ్లాస్గో ఆయనతో కలిసి టాంటన్ వీధిలో నడిచిన అనుభవాన్ని రాశారు. అడుగడుగునా ఎవరో ఒకరు ఆపి పలకరించేవారట. దుకాణదారు, బండివాడు, మతాధికారి, కుర్రవాడు అందరికీ ఆయన సామీయే. మిస్టర్ వుడ్స్ అని పిలిచినవారు తక్కువ.

1931 ఏప్రిల్ 30న టాంటన్‌లోనే వుడ్స్ కన్నుమూశారు. అప్పటికి 64 ఏళ్లు. సిడ్నీ వదిలి 48 ఏళ్లయింది. స్కోరు కార్డులో ఆయన పేరు ముందున్న మిస్టర్‌కు ఆధారమైన నిబంధనను ఇంగ్లిషు క్రికెట్ 1962 చివరిలో రద్దు చేసింది. మరుసటి సీజన్ నుంచి అందరూ క్రికెటర్లే అయ్యారు.